మోస్ రక్తంలో దొరకని మందు

గ్లెనిస్ ప్రోబర్ట్ ముప్పై నాలుగేళ్ళ పాటు కార్డిఫ్‌లోని ఒక పెద్ద బట్టల దుకాణంలో దొంగల్ని పట్టే ఉద్యోగం చేసింది. ఆ ఉద్యోగానికి యూనిఫారం ఉండదు. చేతికో బుట్ట తగిలించుకుని, కొనడానికొచ్చిన పదిమందిలో ఒకతెలా అంతస్తులన్నీ తిరుగుతూ ఉండాలి. పదిహేడేళ్ళప్పుడు చేతితొడుగుల కౌంటర్లో చేరింది. ఐదేళ్ళు తిరక్కుండానే, మా ఊరు ట్రెహెలిగ్‌లోని పాస్టరు గారి భార్య ఒక పట్టు స్కార్ఫుని ప్రార్థనగీతాల పుస్తకంలోకి జారవేస్తుంటే పట్టేసి, నలుగురి ముందూ ఆ పుస్తకం తెరిపించింది. పాస్టరు గారి కుటుంబం ఆ తర్వాత ఆమెతో మాట్లాడలేదు కానీ, మేనేజరు మాత్రం పిలిచి కొత్త ఉద్యోగం ఇచ్చాడు.

మనుషుల మొహాలు కాదు, చేతులు చూడాలి. సరుకు జేబులోకి వెళ్ళినా సరే, మనిషి గుమ్మం దాటి ఒక అడుగు బయటపెట్టేదాకా ఆపకూడదు. లోపలే ఆపితే, ఇప్పుడే డబ్బు కట్టబోతున్నానంటారు. ఈ రెండు సూత్రాలూ ఆమె ఒంట్లో ఇంకిపోయాయి. రిటైరైంది ఆమే గానీ ఆమె అనుమానం కాదు. మాంసం కొట్టతను తూకం వేస్తుంటే అతని చిటికెనవేలు ఎక్కడుందో చూసేది. చర్చిలో ప్రార్థన జరిగేటప్పుడు అందరూ కళ్ళు మూసుకుంటారు, ఆమె మూసుకోదు. ముప్పయ్యో ఏట ట్రెవర్ అనే బస్సు డ్రైవరుతో పెళ్ళి కుదిరింది. ఒక శనివారం అతను ఏదో పనుందని చెబితే నమ్మక వెనకాలే వెళ్ళింది. అతను వెళ్ళింది ఆమెకు ఉంగరం కొనడానికి. ఆ పెళ్ళి జరగలేదు. ఆ శనివారం గురించి ఆమె ఎవరితోనూ మాట్లాడదు. అయినా ఊళ్ళో ఆ సంగతి తెలియనివాళ్ళు లేరు.

అలా ఒంటరిగా ఉన్న ఇంటికి మూడేళ్ళ కిందట తమ్ముడు ఎమ్లిన్ వచ్చాడు. రైల్వేలో సిగ్నళ్ళు చూసే పని చేసి దిగిపోయాడు, భార్య పోయింది. ఒక పెట్టె, ఒక రేడియో, మోస్ అనే బంగారు రంగు కుక్క, ఇవీ అతనితో వచ్చినవి. నెల రోజులుంటానన్నవాడు ఉండిపోయాడు. మోస్ పెద్ద ఒళ్ళున్న రిట్రీవర్ జాతి కుక్క, తొమ్మిదేళ్ళవాడు. వచ్చిన మొదటి సాయంత్రమే గ్లెనిస్ పాదాల మీద గడ్డం ఆనించి పడుకున్నాడు. ఆమె కాలు తిమ్మిరెక్కినా కదపలేదు. ఎవరినీ నమ్మని మనిషివి కుక్కనెలా నమ్మావని ఎమ్లిన్ ఆటపట్టిస్తే, వాడికి జేబుల్లేవుగా అంది. తమాషాకి అన్న మాటే గానీ, ఆమెకు ఈ భూమ్మీద నమ్మకమైన ప్రాణి అంటూ ఉంటే అది వాడే.

కిందటి శరదృతువులో మోస్ మందగించాడు. వాన వెలిసిందంటే కొండెక్కేదాకా ఊరుకోని కుక్క, వీధి చివర తపాలా పెట్టె దాకా వెళ్ళి కూలబడేవాడు. తిండి అంతే, ఒళ్ళు మాత్రం పెరిగింది. తోక మీది బొచ్చంతా రాలి ఎలుక తోకలా మిగిలింది. పశువుల ఆసుపత్రిలో నూరియా అని స్పెయిన్ నుంచి వచ్చిన యువ డాక్టరు ఉంది. ఆవిడ రక్తం తీసి పరీక్షించి, మెడలోని థైరాయిడ్ గ్రంథి పని మానేసిందని తేల్చింది. పొద్దున ఒక మాత్ర, సాయంత్రం ఒక మాత్ర, ఇక జీవితాంతం. మోతాదు సరిపోయిందో లేదో కుక్క నోటితో చెప్పలేదు కాబట్టి అప్పుడప్పుడూ రక్తమే చూసుకోవాలి, ఈ వైద్యమంతా ఆ పరీక్ష మీదే నడుస్తుంది అని చెప్పి, సూచనలు అచ్చేసిన కాగితం ఒకటి ఎమ్లిన్ చేతిలో పెట్టింది. అతను దాన్ని తెచ్చి ఫ్రిజ్ తలుపుకి అయస్కాంతంతో అంటించాడు.

గ్లెనిస్ ఆ కాగితం చదవలేదు. థైరాయిడ్ గురించి ఆమెకు ఇంకొకరు చెప్పాలా? ఇరవై రెండేళ్ళుగా తను మింగుతున్నది ఆ మాత్రే. పైకి అనలేదు గానీ, తన జబ్బే మోస్‌కి కూడా వచ్చినందుకు లోలోపల కొంచెం దగ్గరితనం లాంటిది కూడా కలిగింది. పొద్దున ఏడున్నరకి తన మాత్ర, వాడి మాత్ర ఒకేసారి. వాడిది చీజ్ ముక్కలో పెట్టి ఇచ్చేది, మింగాక దవడ కింద వేలితో రాసి చూసేది. సాయంత్రం ఏడున్నర మాత్ర ఎమ్లిన్ వంతు.

ఆరు వారాల్లో మోస్ మళ్ళీ కుక్కయ్యాడు. తోక మీద నూగు వచ్చింది. పక్కింటి పిల్లిని గోడెక్కించాడు. అప్పుడు మొదటి పరీక్ష వచ్చింది. మధ్యాహ్నం పన్నెండింటికి రమ్మన్నారు. ఆ పొద్దున గ్లెనిస్ తన రక్తపరీక్ష రోజున ఇన్నేళ్ళుగా ఎలా చేస్తుందో మోస్‌కీ అంతా అలాగే, ఏ లోటూ రాకుండా చేసింది. కారు నడపడం ఆమెకు రాదు కాబట్టి ఎమ్లిన్ తీసుకెళ్ళాడు. రెండు రోజుల తర్వాత డాక్టరు ఫోన్ చేసి, రక్తంలో మందు చాలా తక్కువగా ఉంది, మోతాదు పెంచుతున్నానని చెప్పింది.

వాడు గంతులేస్తుంటే తక్కువేమిటని ఎమ్లిన్ గొణిగాడు. గ్లెనిస్ గొణగలేదు. ఆమెలో ముప్పై నాలుగేళ్ళ చెవి నిక్కబొడుచుకుంది. ఆ ఆసుపత్రిని ఈమధ్యే ఏదో పెద్ద కంపెనీ కొనేసిందని బ్యూటీ పార్లర్లో విని ఉంది. కుక్క బాగుంటే కంపెనీకేం లాభం? ఫలితాల కాగితం తెప్పించుకుని, కళ్ళద్దాలు పెట్టుకుని, సీసాల మీద పేర్లు మారిపోయి ఉంటాయా అని ఫోన్ చేసి అడిగింది. రిసెప్షన్లో అమ్మాయి మర్యాదగానే సమాధానం చెప్పింది. మరీ మర్యాదగా చెప్పిందని గ్లెనిస్‌కి అదో అనుమానం.

జనవరిలో రెండో పరీక్ష. ఆసుపత్రిని నమ్మలేక రక్తాన్ని వేరే ప్రయోగశాలకి పంపమని పట్టుబట్టింది. పంపారు. అక్కడా తక్కువే వచ్చింది. మోతాదు మళ్ళీ పెంచారు. ఇప్పుడు మోస్ రోజుకి రెండు గిన్నెల నీళ్ళు తాగేవాడు. ఒకచోట కూర్చోలేక హాల్లోంచి వంటింట్లోకి, వంటింట్లోంచి హాల్లోకి తిరిగేవాడు. కిటికీ అద్దాల మీద మంచు పేరుకున్న రోజుల్లో కూడా నాలుక వేలాడేసి రొప్పేవాడు. పక్కటెముకలు లెక్కపెట్టొచ్చు. వాడి ఛాతీ మీద చెయ్యి పెడితే గుండె అరచేతిని తంతున్నట్టు ఉండేది. మందు వాడికి అందడం లేదు, జబ్బు ముదురుతోంది, ఇలాగే సాగితే వేసవి చూడడు. గ్లెనిస్‌కి అర్థమైంది ఇది. అలా అర్థమైనప్పటి నుంచి ఆమెకు అన్నం సహించలేదు.

రెండు ప్రయోగశాలలు ఒకే అబద్ధం చెప్పవు. అంటే తప్పు ఇంట్లోనే ఉంది. మాత్రల సీసా బల్ల మీద ఒంపి లెక్కపెట్టింది. ఒక్కటి కూడా తేడా లేదు. ఎన్ని అయిపోవాలో అన్నీ అయిపోయాయి. అదే ఆమెను పట్టుకుంది. సీసాలోంచి మాత్రలు పోతున్నాయి, కుక్క రక్తంలోకి చేరడం లేదు. గూట్లోంచి సరుకు మాయమై, గల్లాపెట్టె దగ్గరికి రాకపోతే దాన్ని ఏమంటారో ఆమెకు తెలుసు. పొద్దుటి మాత్ర తను వేస్తోంది. తన చేతి సంగతి తనకి తెలుసు. ఇక మిగిలింది సాయంత్రం మాత్ర.

సాయంత్రం మాత్ర దగ్గర ఎమ్లిన్ ఉంటాడు. మంగళవారాల్లోనూ శుక్రవారాల్లోనూ నెస్టా హోప్కిన్ కూడా ఉంటుంది.

నెస్టా బడి వంటశాలలో వండి వార్చి రిటైరైన మనిషి. భర్త లేడు. ఎమ్లిన్ పాడే మగవాళ్ళ గాయకబృందానికి పియానో వాయిస్తుంది. సాధనకి వెళ్ళే ముందు టీకని ఆగేది, ఆగడం అలవాటైంది, ఎమ్లిన్ ఆ రెండు రోజులూ గడ్డం గీసుకోవడం అలవాటైంది. వచ్చినప్పుడల్లా పెనం మీద కాల్చిన ఎండుద్రాక్ష రొట్టెలు తెచ్చేది. గ్లెనిస్‌ని మాత్రం మూడేళ్ళుగా మిస్ ప్రోబర్ట్ అనే పిలిచేది. దుకాణంలో పట్టుబడకపోయినా, పట్టుబడతామేమోనన్న బెదురు మా ఊళ్ళో చాలామందికి ఆమె ముందు ఉండేది లెండి.

ఈ నెస్టాకి మందుల మీద చిన్నచూపు. తన తల్లికి గొంతు వాపు వస్తే సముద్రపు నాచు ఉడికించిన ముద్ద తిని తగ్గించుకుందని, మూగజీవానికి రోజూ ఇన్ని మాత్రలేమిటని, రెండుసార్లు అంది. మోస్‌కి ఆ నాచుముద్ద రొట్టె మీద రాసి పెట్టడం గ్లెనిస్ కళ్ళారా చూసింది. ఇంకేం కావాలి? కారణం దొరికింది, సమయం దొరికింది, చేతులే దొరకాలి. ఎమ్లిన్ వట్టి మెతక మనిషి. ఆవిడ పాపం అంటే వీడూ పాపం అని, మాత్ర జేబులో వేసుకుని ఉంటాడు.

అతను స్నానానికి వెళ్ళినప్పుడు కోటు జేబులు వెతికింది. ఒక పాట కాగితం, రెండు పిప్పరమెంట్లు దొరికాయి. చెత్తబుట్ట వెతికింది. కుర్చీ దిండ్ల కింద, కుక్క పరుపు కింద చూసింది. ఏమీ దొరకలేదంటే తప్పు జరగలేదని కాదు, చేసినవాళ్ళు తెలివైనవాళ్ళని. ఆమె వృత్తిలో అలాగే అనుకోవాలి. ఫిబ్రవరిలో ఒక మంగళవారం, తలనొప్పి అని మేడ మీదికి వెళ్ళినట్టు నటించి, చప్పుడు కాకుండా దిగొచ్చి సామాన్ల గదిలో నిలబడింది. తలుపు సందులోంచి వంటిల్లు సగం కనిపిస్తుంది.

ఏడున్నర అయింది. ఎమ్లిన్ సీసా తెరిచాడు, మాత్ర తీశాడు, చీజ్‌లో నొక్కాడు. అంతలో హాల్లో ఫోన్ మోగింది. ముక్కని నెస్టా చేతికిచ్చి వెళ్ళాడు. నెస్టా వంగింది. ఆమె వీపు అడ్డొచ్చి మోస్ మూతి కనిపించలేదు. లేచాక ఆమె కుడిచెయ్యి స్వెటర్ జేబులోకి వెళ్ళింది. ఒట్టిగా బయటికొచ్చింది.

గ్లెనిస్ కదల్లేదు. ఇద్దరూ టీ తాగారు, కోట్లు తొడుక్కున్నారు, వీధి తలుపు తెరిచారు. నెస్టా మెట్టు దిగి ఒక అడుగు బయట పెట్టింది. అప్పుడు వెనకనుంచి ఆమె మోచెయ్యి పట్టుకుంది గ్లెనిస్.

"జేబులో ఏముందో తీసి చూపిస్తారా?"

నెస్టాకి మొదట అర్థం కాలేదు. అర్థమయ్యాక ఆమె మొహం చెవులదాకా ఎర్రబడింది. అవతలి పక్క జోన్స్ దంపతులు చెత్తడబ్బా బయట పెడుతూ ఆగిపోయారు. నెస్టా స్వెటర్ జేబు లోపలిది పైకి తిరగేసింది. నలిగిన చేతిరుమాలు, చీజ్ చుట్టిన మైనం కాగితం కిందపడ్డాయి. రెండో జేబూ తిరగేసింది. అందులో ఇంటి తాళంచెవి ఉంది. గ్లెనిస్ వంగి మైనం కాగితం తీసి, విప్పి, వెలుతురులో చూసింది. మాత్ర లేదు. అలా చూడటం ఎమ్లిన్ చూశాడు.

నెస్టా ఒక్కతే నడిచి వెళ్ళిపోయింది. ఎమ్లిన్ ఆ రోజు సాధనకి పోలేదు. అరిచే మనిషి కాదు, ఇప్పుడూ అరవలేదు.

"నన్ను అనుమానించు గ్లెన్, పరవాలేదు. నా జేబులు వెతికావని కూడా తెలుసు, అలవాటే అనుకున్నా. ఆవిడ జేబులు వీధిలో తిరగేయించావు."

గ్లెనిస్ మోస్ గురించి మొదలుపెట్టింది. వాడు చచ్చిపోతున్నాడని, ఎవరో ఒకరు చూసుకోవాలి కదా అని అంది. ఎమ్లిన్ విన్నాడు. తర్వాత, గురువారం పరీక్ష అయ్యాక మోస్‌ని తీసుకుని తాను వేరే వెళ్ళిపోతానని చెప్పాడు. ఎక్కడికని ఆమె అడగలేదు. కుక్క రెండు గదుల మధ్య గోళ్ళ చప్పుడు చేస్తూ తిరుగుతోంది, ఇద్దరూ దాన్నే వింటూ కూర్చున్నారు.

గురువారం పరీక్షకి ఇద్దర్నీ రమ్మని డాక్టరు నూరియా ముందే కబురు చేసింది. ఆసుపత్రికి గ్లెనిస్ రావడం అదే మొదటిసారి. బల్ల మీద మోస్ వణుకుతున్నాడు. డాక్టరు చాలాసేపు గుండె విన్నది, బరువు చూసింది, నోట్లో చూసింది. తర్వాత కాగితాలు పక్కన పెట్టి ఇద్దరి వంకా చూసింది. ఆ చూపు గ్లెనిస్‌కి బాగా తెలిసిన చూపే. ఇన్నేళ్ళూ తను ఇతరుల మీద వేసిన చూపు అది.

ఈ కుక్క ఒళ్ళు చూస్తే మందు ఎక్కువైపోయిందంటోంది, ఈ కాగితాలు చూస్తే అసలు సరిపోలేదంటున్నాయి, రెండిట్లో ఏదో ఒకటి అబద్ధం అంది డాక్టరు. సూది తీసి, మూత విప్పబోతూ ఆగి అడిగింది.

"ఇవాళ పొద్దుటి మాత్ర ఎన్నింటికి వేశారు?"

ప్రతిసారీ అడిగే ప్రశ్నే కాబట్టి ఎమ్లిన్ ప్రతిసారీ చెప్పే జవాబే చెప్పాడు. ఎప్పట్లాగే ఏడున్నరకి, మా అక్క వేస్తుంది.

గ్లెనిస్ నవ్వింది. ఇంతకాలం ఇక్కడ ఇలా తెలిసీ తెలియని జవాబులు చెబుతున్నాడా వీడు అనుకుంది.

"ఇవాళెలా వేస్తాం? రక్తం తీసే రోజు కదా. సాసర్లో పెట్టి వచ్చాను, ఇంటికి వెళ్ళాక వేస్తాను. ప్రతిసారీ అంతే."

డాక్టరు సూది ట్రేలో పెట్టేసింది. ఎవరు చెప్పారు అలా అని మెల్లగా అడిగింది. ఎవరో చెప్పడమేమిటి, నాకు ఇరవై రెండేళ్ళుగా ఇదే జబ్బు, రక్తం ఇచ్చే పొద్దున మాత్ర వేసుకోకుండా రావాలి, ఇచ్చాకే వేసుకోవాలి, మా ఆసుపత్రి నర్సు మొదటి రోజే చెప్పింది అంది గ్లెనిస్. చెబుతుండగానే ఎమ్లిన్ మొహం చూసింది. ఇన్నేళ్ళ తర్వాత మొదటిసారి చేతులు కాకుండా మొహం చూసింది. అక్కడ కనిపించినది చూశాక ఆమె గొంతు చివరి మాట దగ్గర చిన్నబోయింది.

మీ నర్సు చెప్పింది మీకు సరైనదే, అంది డాక్టరు. మనిషి ఒంట్లో ఈ మందు రోజులకొద్దీ నిలుస్తుంది, అందుకని ఆ పొద్దుటి మాత్ర ఆపి చూస్తారు. కుక్క ఒంట్లో నిలవదు. వచ్చినంత వేగంగా పోతుంది. అందుకే మాత్ర వేసిన నాలుగు గంటల తర్వాత, ఆరు గంటల లోపు రక్తం తీయాలి, అప్పుడే అది ఎంత పైకెక్కిందో తెలుస్తుంది. నేనిచ్చిన కాగితంలో అది లావు అక్షరాలతో ఉంది అంది. మీరు ప్రతిసారీ ఖాళీ రక్తం పంపారు, మేం ప్రతిసారీ నింపుతూ పోయాం. మొదటి మోతాదే వీడికి సరిపోయింది.

మాత్రలు లెక్కకి ఎందుకు సరిపోయాయో గ్లెనిస్‌కి అప్పుడు తెలిసింది. అన్ని మాత్రలూ మోస్ పొట్టలోకే వెళ్ళాయి. ఒక్కటీ తప్పిపోలేదు. వెళ్ళకూడనన్ని వెళ్ళాయి. రోజూ పొద్దున దవడ కింద రాసి మరీ మింగించింది తనే.

"బతుకుతాడా?" అని అడిగింది.

బతుకుతాడనే అనుకుంటున్నానని డాక్టరు అంది. రెండు రోజులు మాత్ర ఆపేసి, మళ్ళీ మొదటి మోతాదుకే వెళ్దాం. కానీ వీడి గుండె నెలన్నర పైగా ఎవరో తరుముతున్నట్టు పరిగెత్తింది, ముసలివాడు, అది మళ్ళీ నడక నేర్చుకుంటుందా లేదా వారం వారం వింటే గానీ చెప్పలేను. నెల తర్వాత రక్తం చూద్దాం. ఈసారి మాత్ర వేసి తీసుకురండి.

కార్లో అంతసేపూ వాన తుడిచే బ్రష్షు చప్పుడే. ఇంటికొచ్చాక గ్లెనిస్ సాసర్లోని మాత్ర తీసి సీసాలో వేసి, సీసా ఎమ్లిన్ చేతికిచ్చింది. ఇదంతా చేసింది నేనే అంది. అవునని అతను తలూపాడు. శనివారం అతనూ మోస్ నెస్టా ఇంటికి మారిపోయారు, అది మా వీధికి మూడో వీధి. ఊరు నాలుగు రోజులు దాని గురించే మాట్లాడుకుంది. ఎవరు ఎక్కడ పడుకుంటారన్నది పాస్టరు గారికి కూడా ఆసక్తికరమైన విషయమే అయింది.

గ్లెనిస్ ఫ్రిజ్ మీది కాగితం చదివింది. చదివి అక్కడే ఉంచింది. నెస్టాకి ఒక ఉత్తరం రాసింది, మూడు వాక్యాలు. మొదటి వాక్యంలో తప్పు నాదని రాసింది, రెండో వాక్యంలో వీధిలో చేసినదానికి క్షమించమని అడిగింది, మూడో వాక్యంలో మోస్ ఎలా ఉన్నాడని అడిగింది. జవాబు రాలేదు. ఆసుపత్రికి ఫోన్ చేసి వారం వారం వాడి గుండె సంగతి కనుక్కునేది. ఒకప్పుడు మరీ మర్యాదగా మాట్లాడిందని అనుమానించిన అమ్మాయే చెప్పేది. మొదటి వారం అలాగే ఉంది. రెండో వారం కాస్త నెమ్మదించింది. మూడో వారం డాక్టరు గారు నవ్వుతూ బయటికొచ్చారండి అంది. గ్లెనిస్ ఫోన్ పెట్టేసి చాలాసేపు ఆ కుర్చీలోనే కూర్చుంది. ఏడున్నరకి తన మాత్ర వేసుకోవడానికి వంటింట్లోకి వెళ్ళడమంటే ఆ రోజుల్లో ఆమెకు గుండె బరువెక్కేది.

పరీక్షకి ముందురోజు సాయంత్రం ఫోన్ మోగింది. నెస్టా గొంతు. ఎమ్లిన్ జ్వరంతో పడుకున్నాడని, రేపు మోస్‌ని తనే కార్లో తీసుకెళ్ళాలని, తనొక్కతే వాణ్ణి ఎక్కించలేనని చెప్పింది. పొద్దున ఏడున్నరకి రాగలవా అని అడిగింది.

పరీక్ష పన్నెండింటికి కదా అంది గ్లెనిస్.

మాత్ర ఏడున్నరకి కదా అంది నెస్టా.

ఆమె ఏడుంపావుకే నెస్టా ఇంటి ముందు నిలబడి, ఏడున్నర అయ్యాక తలుపు కొట్టింది. మోస్ ఆమె వాసన పట్టి లోపల్నుంచే తలుపుని కాలితో గీరాడు. రొప్పడం లేదు. ఒళ్ళు మళ్ళీ నిండింది. ఆమె మోకాలికి తలానించి కళ్ళు మూసుకున్నాడు. నెస్టా పక్కకు జరిగి దారిచ్చింది. కూర్చోమనలేదు, ఉత్తరం గురించి ఎత్తలేదు. అల్మారాలోంచి సీసా తీసి, చీజ్ ముక్కతో పాటు బల్ల మీద పెట్టింది.

"ఇదిగో. నువ్వే వెయ్యి."

మూడేళ్ళలో నెస్టా ఆమెను నువ్వు అనడం నిన్నటి ఫోన్‌తోనే మొదలు. గ్లెనిస్ సీసా అందుకుంది. మూత తిప్పబోయి ఆగింది. నెస్టా అప్పటికే గది దాటి వెళ్ళిపోతోంది.

"ఉండండి," అంది గ్లెనిస్. "నేను వేసేటప్పుడు చూడండి."

"ఎందుకు?"

"వేశానని మీకు తెలియాలిగా."

"వేశానని నువ్వు చెబితే చాలు గ్లెనిస్," అంది నెస్టా, వంటింటి తలుపు తన వెనక పూర్తిగా మూసేసి వెళ్ళింది. మేడ మెట్లెక్కుతున్న చప్పుడు వినిపించింది, ఎమ్లిన్ దగ్గు వినిపించింది, తర్వాత అదీ లేదు.

గ్లెనిస్ మాత్రని చీజ్‌లో నొక్కి మోస్‌కి ఇచ్చింది. వాడు మింగాడు. ఎప్పట్లా దవడ కింద వేలు పెట్టబోయి, పెట్టలేదు. నేల మీద కూర్చుని వాడి మెడ చుట్టూ చేతులు వేసి, తన పెళ్ళి చెడిపోయిన రోజున కూడా ఏడవని మనిషి, ఆ వంటింట్లో ఎవరూ చూడకుండా, గట్టిగా ఏడ్చింది.